ఈ-కోర్ట్స్ సర్వీసెస్ యాప్: అప్పీలు నడుస్తున్న ప్రతి ఇంట్లో ఉండాలి

అయిదుకి నాలుగు స్టార్లు ఇస్తున్నాను, ఆ నాలుగూ మనస్ఫూర్తిగా ఇస్తున్నవే. నాకు తిరుపతి కొర్లగుంటలో మందుల షాపుంది. లా చదవలేదు, కోర్టు పనులతో పరిచయం లేదు. చిత్తూరు జిల్లా కోర్టులో మా చిన్నాయన అప్పీలు నడుస్తుంటే దాని బాగోగులు చూసే పని నా మీద పడింది. ఆ పనిలో నాకు అన్నిటికన్నా ఎక్కువగా ఉపయోగపడింది ఈ యాప్. సుప్రీంకోర్టు ఈ-కమిటీ ఆధ్వర్యంలో ఎన్ఐసీ అనే కేంద్రప్రభుత్వ కంప్యూటర్ సంస్థ తయారుచేసింది. పూర్తిగా ఉచితం. ఇలాంటి పేర్లతో ప్రైవేటు యాప్‌లు కూడా కనిపిస్తాయి, నేను రాస్తున్నది ఈ సర్కారు యాప్ గురించే.

చిన్నాయనకి పాకాల పక్కన తోతాపురి మామిడి తోట ఉంది. తోటలోకి పోయే బండిబాట విషయంలో పక్క పొలం వాళ్ళతో తగాదా వచ్చి దావా వేశారు. కింది కోర్టులో దావా కొట్టేశారు. గడువులోపల జిల్లా కోర్టుకి అప్పీలు వేశారు. ఏ.ఎస్. నంబరు (అప్పీలు నంబరు) పడింది, అప్పీలు తేలేదాకా బాటకి అడ్డం పెట్టకూడదని మధ్యంతర ఉత్తర్వు కూడా వచ్చింది. ఆ కాగితం చేతికొచ్చాక ఇంట్లో అందరికీ టెన్షన్ తగ్గింది. నేను ఎప్పుడైనా అడిగితే చిన్నాయన ఒకటే మాట అనేవాడు: "అప్పీలు ఏసినాం గదరా, వాయిదా ఉంటే వకీలే చెప్తాడు." ఆయన మాటలో తప్పేం లేదు. అప్పీల్లో సాక్ష్యాలు దాదాపు ఉండవు, వాదనలే. పార్టీ ప్రతి వాయిదాకి బోనులో నిలబడే పని లేదు, వకీలు హాజరైతే పార్టీ హాజరైనట్టే. పల్లెల్లో ఫీజు కట్టి, వకాల్తా మీద సంతకం పెట్టి వచ్చినవాళ్ళు అంతకన్నా ఏం చేస్తారు?

కాయ కోతల కాలం. గుజ్జు ఫ్యాక్టరీల దగ్గర ట్రాక్టర్లు రాత్రింబగళ్ళు లైన్లో ఉంటున్నాయి. ఆ హడావుడిలో పక్క పొలం ఆయన బాట మొదట్లో రాళ్ళు నాటించడం మొదలుపెట్టాడని పిన్నమ్మ ఫోన్ చేసింది. కోర్టు ఉత్తర్వు ఉండగా అంత ధైర్యం ఎట్లా వచ్చిందని నాకు అనుమానం వచ్చింది. షాపులో కూర్చునే ఈ యాప్ దించుకున్నాను.

ఇందులో కేసు వెతకడానికి చాలా దారులున్నాయి. సీఎన్ఆర్ అని ప్రతి కేసుకీ దేశం మొత్తం మీద ఒకటే ఉండే పదహారు అక్షరాల నంబరు ఉంటుంది. అది ఉంటే చిటికెలో పని. అది లేకపోతే కేసు నంబరుతో, పార్టీ పేరుతో, వకీలు పేరుతో వెతకొచ్చు. పార్టీ పేరుతో వెతికేటప్పుడు దాఖలుచేసిన సంవత్సరం కూడా అడుగుతుంది. పేరు కోర్టు రికార్డులో ఇంగ్లీషు అక్షరాల్లో ఎలా ఎక్కిందో అలాగే కొట్టాలి. మన పేర్లతో ఇక్కడ కొంచెం ఓపిక కావాలి: రెడ్డెప్ప అన్న పేరుని నాలుగు రకాలుగా రాయొచ్చు కదా. మొత్తం పేరు కొట్టకుండా మొదటి నాలుగైదు అక్షరాలే కొట్టి చూడండి, లిస్టు వస్తుంది, అందులో ఏరుకోవచ్చు.

మా కేసు దొరికింది. పైన పార్టీల పేర్లు, వకీళ్ళ పేర్లు, దాఖలైన తేదీ. కింద కేస్ స్టేటస్ అన్నచోట, వచ్చే వాయిదా తేదీ కనిపించాల్సిన దగ్గర, 'కేస్ డిస్పోజ్డ్' అని ఉంది. దాని కింద 'నేచర్ ఆఫ్ డిస్పోజల్' అన్న వరుస. అందులో 'అన్‌కాంటెస్టెడ్', పక్కనే 'డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్'. గుండె జారిపోయింది. ఇంకా కిందకి వస్తే కేస్ హిస్టరీలో వాయిదాలన్నీ తేదీలవారీగా ఉంటాయి. ఒక్కో తేదీని నొక్కితే ఆ రోజు కోర్టులో ఏం జరిగిందో రెండు మూడు వాక్యాల్లో వస్తుంది. చివరి తేదీ నొక్కాను. అప్పీలుదారుని పిలిస్తే పలకలేదు, ఆయన తరఫున ఎవరూ లేరు, కాబట్టి అప్పీలు డిఫాల్ట్ కింద కొట్టివేయడమైనది. అంతే. బాట గురించి గానీ, దస్తావేజుల గురించి గానీ ఒక్క ముక్క లేదు.

తర్వాత తెలిసింది, మా వకీలు (పేరు రాయను) ఆ రోజు వేరే ఊరి కోర్టులో ఉన్నారట. ఇక్కడ హాజరవమని జూనియర్‌కి చెప్పారట. ఆ జూనియర్ రాలేదు. కొట్టేసిన సంగతి ఆఫీసు నుంచి ఎవరూ మాకు చెప్పలేదు. నేను ఫోన్ చేస్తే "రీస్టోర్ చేయిద్దాంలే, అది పెద్ద పని కాదు" అన్నారు. పెద్ద పని కాకపోవచ్చు. కానీ దానికో గడువుంది, ఆ గడువు గురించి తెలిసిన రోజు నుంచి నాకు ఈ యాప్ విలువ అర్థమైంది. అందుకే ఆ చట్టం సంగతి కాస్త వివరంగా రాస్తున్నాను. నేను దీన్ని కొత్త వకీలు దగ్గర కూర్చుని నేర్చుకున్నాను.

సివిల్ అప్పీళ్ళకి సంబంధించిన నియమాలు 1908 నాటి సివిల్ ప్రొసీజర్ కోడ్‌లో ఆర్డర్ 41 కింద ఉంటాయి (ఇక్కడ ఆర్డర్ అంటే కోర్టు ఉత్తర్వు కాదు, కోడ్‌లో ఒక అధ్యాయం లాంటిది). అందులో 17వ రూలు ప్రకారం, విచారణకి పెట్టిన రోజున పిలిచినప్పుడు అప్పీలుదారు రాకపోతే కోర్టు అప్పీలుని కొట్టేయవచ్చు. కొట్టేయాల్సిందే అని లేదు. మరో వాయిదా ఇచ్చే అధికారం కూడా జడ్జిగారికి ఉంది. అయితే ఏళ్ళతరబడి అప్పీళ్ళు పేరుకుపోయి ఉంటే, పిలిచినప్పుడల్లా ఎవరూ రాని కేసుని ఎంతకాలం మోస్తారు? కోర్టుని నేను తప్పుపట్టలేను.

ఇందులో మనలాంటివాళ్ళకి ఊరటనిచ్చే విషయం ఒకటుంది. అప్పీలుదారు రానప్పుడు కోర్టు చేయగలిగింది హాజరు లేదని కొట్టేయడమే. కేసులో బలం ఉందా లేదా అన్నదాని జోలికి పోయి, కింది కోర్టు తీర్పు సరైనదే అని రాసి కొట్టేయకూడదు. 1976లో కోడ్‌ని సవరించినప్పుడు 17వ రూలు కింద ఈ వివరణ చేర్చారు. అబ్దుర్ రహమాన్ వర్సెస్ అతీఫా బేగం కేసులో 1996లో సుప్రీంకోర్టు ఇదే చెప్పింది. 2023లో బెన్నీ డిసౌజా కేసులో మళ్ళీ చెప్పింది. అంటే మా బాట తగాదా ఓడిపోలేదు, దాన్ని ఇంకా ఎవరూ వినలేదు. చిన్నాయనకి ఇది నచ్చజెప్పడానికి నాకు ఒక పూట పట్టింది. "చిన్నాయనా, కేసు పోలేదు, తలుపు మూసినారు, అంతే. తీయమని అడగాల" అంటే అప్పటికి కాస్త కుదుటపడ్డాడు.

ఆ తలుపు తీయించే దారి 19వ రూలు. హాజరు కాలేకపోవడానికి తగిన కారణం ఉందని చూపిస్తే కోర్టు అప్పీలుని మళ్ళీ ఫైలు మీదకి తీసుకుంటుంది, అవసరమైతే అవతలివాళ్ళకి ఖర్చులు కట్టమంటుంది. దీనికి లిమిటేషన్ చట్టం 122వ ఆర్టికల్ ఇచ్చిన గడువు 30 రోజులు. ఇక్కడ చాలామందికి తెలియని సంగతి చెప్పాలి. ఆ 30 రోజుల లెక్క అప్పీలు కొట్టేసిన తేదీ నుంచి మొదలవుతుంది, మనకి తెలిసిన తేదీ నుంచి కాదు. కోర్టు మనకి ఉత్తరం రాసి చెప్పదు. వకీలు చెప్పకపోతే, మనం చూసుకోకపోతే, పుణ్యకాలం కాస్తా గడిచిపోతుంది. ఆ తర్వాత కూడా అదే లిమిటేషన్ చట్టం సెక్షన్ 5 కింద ఆలస్యాన్ని మన్నించమని పిటిషన్ పెట్టుకోవచ్చు, కానీ ఎందుకు ఆలస్యమైందో కోర్టు ఒప్పుకునేలా వివరించాలి. ఆ పిటిషన్ మీద అవతలివాళ్ళు కౌంటరు వేస్తారు, దానికి మళ్ళీ వాయిదాలు. అసలు అప్పీలు కన్నా ఆలస్యం మాఫీ పిటిషనే ఎక్కువ కాలం నడిచిన ఇళ్ళు మా చుట్టుపక్కలే ఉన్నాయి.

కొట్టేసిన ఉత్తర్వు మీద పైకోర్టుకి పోదామని మా బంధువులు ఒకరిద్దరు సలహా ఇచ్చారు. అది కుదరదు. డిఫాల్ట్ కింద కొట్టేసిన ఉత్తర్వు చట్టం లెక్కలో డిక్రీ (హక్కులు తేల్చి ఇచ్చే తీర్పు) కాదు, కాబట్టి దాని మీద రెండో అప్పీలు ఉండదు. ముందు అదే కోర్టులో 19వ రూలు కింద అడగాలి. అక్కడ కాదంటే ఆ నిరాకరణ మీద ఆర్డర్ 43 కింద అప్పీలుకి పోవచ్చు. సలహాలిచ్చేవాళ్ళ మాట విని దారి తప్పితే ఉన్న రోజులు కరిగిపోతాయి.

వకీలు తప్పుకి పార్టీని శిక్షించొచ్చా అన్న ప్రశ్న కూడా సుప్రీంకోర్టు ముందుకి పోయింది. 1981లో రఫీక్ వర్సెస్ మున్షీలాల్ కేసు. వకీలు రాక అలహాబాద్ హైకోర్టులో అప్పీలు పోతే, ఒక మామూలు పార్టీ వకీలుని పెట్టుకుని, ఫీజు కట్టి, తాను చేయాల్సిందంతా చేశాక ఇంకేం చేయగలడని సుప్రీంకోర్టు అడిగి, అప్పీలుని తిరిగి నిలబెట్టింది. అవతలివాళ్ళకి ఇవ్వాల్సిన 200 రూపాయల ఖర్చుల్ని రాని వకీలు నుంచి వసూలు చేయమంది. ఆ కేసు గురించి విన్నప్పుడు, మా చిన్నాయన లాంటివాళ్ళ కోసమే చెప్పినట్టుంది అనిపించింది. అలాగని దాన్ని పట్టుకుని నిశ్చింతగా ఉండొద్దు. 1993లో సలీల్ దత్తా కేసులో, తప్పు వకీలుదే అన్నంత మాత్రాన ప్రతిసారీ పార్టీ బయటపడలేడని అదే సుప్రీంకోర్టు చెప్పింది. చదువుకున్నవాళ్ళు, వ్యాపారాలు చేసేవాళ్ళు తమ కేసు సంగతి తాము కనుక్కోకుండా వకీలు మీద నెట్టేస్తే ఒప్పుకోరు. జేబులో ఇలాంటి యాప్ పెట్టుకునే రోజుల్లో "నాకు తెలీదండీ" అన్న మాటకి బలం ఇంకా తగ్గుతుందని నా అభిప్రాయం.

మేం చూసుకునేసరికి 30 రోజులు పూర్తి కాలేదు. యాప్‌లో కనిపించిన తేదీనే పట్టుకుని కొత్త వకీలు లెక్క కట్టారు, కాపీకి అప్లికేషన్ పెట్టారు, అఫిడవిట్‌తో పిటిషన్ వేశారు. అవతలివాళ్ళు ఎదురుచెప్పారు. ఖర్చులు కట్టమని చెప్పి కోర్టు అప్పీలుని తిరిగి తీసుకుంది. ఈ మధ్యలో మధ్యంతర ఉత్తర్వు సంగతి మర్చిపోవద్దు: అప్పీలు కొట్టేయగానే దాని వెంట ఉన్న రక్షణ కూడా పోతుంది. పక్క పొలం ఆయనకి రాళ్ళు నాటే ధైర్యం అక్కడి నుంచే వచ్చింది. అప్పీలు తిరిగి నిలబడ్డాక పాత ఉత్తర్వు సంగతి కూడా స్పష్టంగా అడిగి రాయించుకోవాలని కొత్త వకీలు పట్టుబట్టారు, నాకు అది చాలా మంచి పనిగా తోచింది.

మనం అప్పీలు వేసినవాళ్ళం కాకుండా అవతలి పక్షం అయితే లెక్క వేరు. మనం రాకపోతే కోర్టు అప్పీలుదారు వాదన ఒక్కటే విని తీర్పు చెప్పొచ్చు. మళ్ళీ వినమని అడగడానికి 21వ రూలు ఉంది, దానికీ గడువు 30 రోజులే. కింది కోర్టులో గెలిచాం కదా అని ఇంట్లో కూర్చునేవాళ్ళు ఇది గుర్తుపెట్టుకోవాలి.

ఇప్పుడు యాప్‌ని ఎలా వాడుకోవాలో నా పద్ధతి చెప్తాను. కేసు దొరకగానే 'మై కేసెస్'లో సేవ్ చేసుకోవాలి. ఇక ప్రతిసారీ వెతికే పని ఉండదు. అందులో కనిపించే తేదీ మీరు చివరిసారి రిఫ్రెష్ చేసినప్పటిది కావచ్చు, కాబట్టి చూసేముందు రిఫ్రెష్ నొక్కండి. సేవ్ చేసిన లిస్టు ఫోన్లోనే ఉంటుంది. ఫోన్ మార్చేముందు ఎక్స్‌పోర్ట్ చేసి దాచుకోవాలి. నేను వాయిదాకి ముందురోజు సాయంత్రం షాపు కాస్త ఖాళీగా ఉన్నప్పుడు కాజ్ లిస్ట్ (ఆ రోజు కోర్టులో పిలిచే కేసుల జాబితా) తెరిచి మా కేసు ఎన్నో వరుసలో ఉందో చూస్తాను, వకీలు గుమాస్తాకి ఫోన్ చేసి "అన్నా, రేపు మనది ఉంది, ఎవరు నిలబడతారు?" అని అడుగుతాను. ఆయన విసుక్కోడు. నిజానికి ఆయనకి కూడా ఉపయోగమే అంటాడు. వాయిదా అయిన సాయంత్రం మళ్ళీ చూస్తాను. ఒక్కోసారి ఎక్కించడం మర్నాటికి జరుగుతుంది, అంతమాత్రాన కంగారు పడక్కర్లేదు.

తేదీ ఒక్కటే చూసి వదిలేయొద్దు. తేదీ పక్కన కేసు ఏ దశలో ఉందో రాసి ఉంటుంది. నోటీసుల దశ అని వరుసగా కొన్ని వాయిదాలు కనిపిస్తే బట్టా (నోటీసు పంపడానికి కోర్టులో కట్టే రుసుము) కట్టారో లేదో అడగాలి. అవతలివాళ్ళ అడ్రసు తప్పైతే సరిచేసి ఇవ్వాలి. 'ఫర్ హియరింగ్' అనో 'ఆర్గ్యుమెంట్స్' అనో వచ్చిందంటే ఇక జాగ్రత్త పడాల్సిన దశ మొదలైనట్టే, డిఫాల్ట్ ఉత్తర్వులు ఎక్కువగా పడేది అక్కడే. మరో సంగతి యాప్‌కి తెలియనిది, మనకే తెలిసేది: పార్టీల్లో ఎవరైనా చనిపోతే. వారసుల్ని 90 రోజుల్లోపల రికార్డు మీదకి తేవాలి. లేకపోతే అప్పీలు తనంతట తానే రద్దయ్యే ప్రమాదం ఉంది. దాన్ని తీయించడానికి ఇంకో 60 రోజులు ఇస్తారు. ఊళ్ళో అవతలి పక్షం పెద్దాయన పోయాడని తెలిస్తే పరామర్శకి పోయినా పోకపోయినా వకీలుకి మాత్రం చెప్పండి.

ఒక స్టార్ ఎందుకు ఆపానంటే, 'డిస్మిస్డ్ ఫర్ డిఫాల్ట్' అన్న మూడు ఇంగ్లీషు మాటల్ని మా పిన్నమ్మ లాంటివాళ్ళకి చూపిస్తే ఏం అర్థమవుతుంది? కేసు ఓడిపోయాం అనుకుంటారు, ఏడ్చి ఊరుకుంటారు. ఆ వరుస కిందే తెలుగులో ఒక్క వాక్యం చాలు: ఇది తుది తీర్పు కాదు, ఈ తేదీలోపల తిరిగి తీసుకోమని అడగొచ్చు. తేదీ లెక్క యంత్రమే కట్టగలదు. 2023లో కేంద్రం ఈ-కోర్ట్స్ మూడో దశకి 7,210 కోట్ల రూపాయలు మంజూరు చేసింది. అంత పెద్ద పనిలో ఈ చిన్న వాక్యానికి చోటు దొరకాలని గట్టిగా కోరుకుంటున్నాను.

యాప్‌లో చూసిన ఉత్తర్వు సమాచారం కోసమే. పిటిషన్‌కి జతచేయడానికి కోర్టు నుంచి సర్టిఫైడ్ కాపీ తీసుకోవాలి.

స్మార్ట్‌ఫోన్ లేనివాళ్ళకి ఎస్ఎంఎస్ దారి ఉంది. ECOURTS అని ఇంగ్లీషులో కొట్టి, ఖాళీ వదిలి, సీఎన్ఆర్ నంబరు రాసి 9766899899కి పంపితే కేసు వివరం వస్తుంది. దాఖలుచేసేటప్పుడే మీ సొంత ఫోన్ నంబరు కూడా రికార్డులో ఎక్కించమని అడగండి, వకీలు నంబరు ఒక్కటే ఇచ్చి ఊరుకోవద్దు. ఏదీ చేతకాకపోతే కోర్టు ఆవరణలో ఈ-సేవా కేంద్రం ఉందేమో అడగండి, ఉంటే అక్కడ కేసు స్థితి చూసి చెప్తారు. కొత్త వకీలుకి ఫీజు కట్టే స్థోమత లేదని గడువు పోగొట్టుకోవద్దు. 1987 నాటి లీగల్ సర్వీసెస్ చట్టం ప్రకారం ఆడవాళ్ళకి, ఎస్సీ ఎస్టీలకి, వికలాంగులకి ఆదాయంతో పనిలేకుండా ఉచితంగా వకీలుని ఇస్తారు, అప్పీళ్ళకి కూడా. జిల్లా న్యాయసేవాధికార సంస్థకి నేరుగా పోవచ్చు, లేదా 15100కి ఫోన్ చేయొచ్చు.